డొమినీకాలో అసలు పెద్దదిక్కు కొండే

"డొమినికా, డొమినికన్ రిపబ్లిక్ రెండూ ఒకటేనా? కాకపోతే అంత చిన్న దీవిలో బీచ్‌లు తప్ప చెప్పుకోవడానికి ఏముంది?" అని అడిగారు. రెండూ ఒకటి కాదు. డొమినికన్ రిపబ్లిక్ స్పానిష్ మాట్లాడే పెద్ద దేశం. మీరు అడిగిన డొమినికా కరీబియన్ సముద్రంలో గ్వాడెలూప్, మార్టినీక్ దీవుల మధ్య ఉన్న చిన్న దేశం. అక్కడివాళ్లు 'నీ' దగ్గర సాగదీసి "డొమినీకా" అంటారు. విస్తీర్ణం 750 చదరపు కిలోమీటర్లు, జనాభా దాదాపు 70 వేలు. 2021లో ఒక వ్యాపారి అరెస్టు వల్ల మన న్యూస్ చానళ్లలో కొన్నాళ్లు ఈ పేరు మోగింది. చాలామంది విన్నది అప్పుడే.

నేను అక్కడి పోర్ట్స్‌మత్ ఊళ్లో ఎనిమిదేళ్లు ఒక మెడికల్ కాలేజీలో అనాటమీ చెప్పాను. 2017లో వచ్చేశాను. ఆ ఎనిమిదేళ్లలో నాకు అర్థమైంది ఏమిటంటే, ఆ దీవిలో ఏ సంగతి తవ్వినా చివరికి కొండ దగ్గరే తేలుతుంది. అందుకని కొండతోనే మొదలుపెడతాను.

దీవి పొడవు 47 కిలోమీటర్లు, వెడల్పు ఎంత ఎక్కువన్నా 26. అంత చిన్న చోటులో 1,447 మీటర్ల ఎత్తున మోర్న్ డియాబ్లోతాన్ శిఖరం ఉంది. సముద్రం ఒడ్డున నిలబడి తలెత్తితే కొండ నిలువునా పైకి లేచి మబ్బులోకి పోతుంది. చదును నేల దాదాపు లేదు. అట్లాంటిక్ మీదుగా వచ్చే గాలి ఆ కొండలకు కొట్టుకుని వాన కురిపిస్తుంది, లోపలి కొండల్లో ఏడాదికి ఏడు మీటర్లకు మించి పడుతుంది. రోజుకొకటి చొప్పున 365 నదులున్నాయని స్థానికులు గర్వంగా చెబుతారు. మీరు అడిగిన బీచ్‌లు ఉన్నాయి గానీ, చాలావరకు అగ్నిపర్వతపు నల్ల ఇసుకవే. తెల్ల ఇసుక, గొడుగు, కుర్చీ కావాలంటే పక్క దీవులకు వెళ్లాలి.

కొలంబస్ ఈ దీవిని చూసింది 1493 నవంబరు 3న. అది ఆదివారం, లాటిన్‌లో ఆదివారం పేరే దీవికి పెట్టాడు. అప్పటికే అక్కడ ఉన్న కలినాగో ప్రజలు తమ దీవిని 'వైటుకుబులి' అనేవారు. "ఆమె ఒళ్లు ఎత్తు" అని అర్థం. నాకు ఆ పేరే సరైనదనిపిస్తుంది, చూసినవాడెవడైనా ముందు అనేది అదే మాట.

చుట్టుపక్కల దీవులన్నీ చెరకు తోటలైపోయినా డొమినీకా మాత్రం ఎవరికీ అంత తేలిగ్గా లొంగలేదు. కారణం కొండే. చెరకుకు చదును నేల కావాలి. పైగా కలినాగోలకు కొండదారులన్నీ తెలుసు, తరిమితే అడవిలోకి పోయి తిరిగి దెబ్బ కొట్టేవారు. చివరికి 1748లో ఫ్రాన్స్, బ్రిటన్ రెండూ ఒప్పందం రాసుకుని దీవిని కలినాగోలకే వదిలేస్తామన్నాయి. ఆ మాట ఎక్కువకాలం నిలవలేదు. 1761లో బ్రిటిష్ సైన్యం దిగింది, 1763 పారిస్ సంధితో దీవి వాళ్లదైంది. 1778లో ఫ్రెంచివాళ్లు లాక్కున్నారు, 1783లో మళ్లీ చేతులు మారింది. 1805లో ఫ్రెంచి దాడిలో రాజధాని రోజో తగలబడిపోయింది. ఆ యుద్ధాల తేదీలన్నీ గుర్తుపెట్టుకోనక్కర్లేదు. ఊళ్ల పేర్లు ఫ్రెంచివి, చట్టం ఇంగ్లీషుది, ఇంట్లో మాట్లాడేది ఫ్రెంచి మాటలకు ఆఫ్రికా నుడికారం అతికిన క్వేయోల్. అలా ఎందుకయిందో తెలియడానికి ఇంత చాలు.

గుర్తుపెట్టుకోవాల్సింది వేరే కథ. తోటల నుంచి పారిపోయిన ఆఫ్రికన్ బానిసలు ఈ కొండల్లో ఊళ్లు కట్టుకున్నారు. వాళ్లను 'నెగ్ మవోన్' అంటారు. వాళ్ల నాయకుల్లో జాకో అనే ఆయన నలభై ఏళ్లకు పైగా అడవిలోనే స్వేచ్ఛగా బతికాడు. లాయూ నది లోయ పైన అతని స్థావరానికి ఎక్కే మెట్లు ఇప్పటికీ ఉన్నాయి, కొండమట్టిలో చెక్కినవి. నేను ఎక్కాను. ఒక్కో మెట్టు మోకాలి దాకా వస్తుంది. సామాన్లతో, తుపాకులతో వచ్చే సిపాయి సగం దారిలో రొప్పి ఆగిపోవాలని అంత ఎత్తు పెట్టారట. ఇరవై మెట్లకే నా కాళ్లు పట్టేశాయి. పైకి వెళ్లి కిందకి చూస్తే వచ్చేవాళ్లు ఒక్కొక్కరే, వరసలో, ఆయాసపడుతూ కనిపిస్తారు. జాకోను 1814 జులైలో చంపారు.

ఇంకో సంగతి మా పోర్ట్స్‌మత్ పక్కనే జరిగింది. కాబ్రిట్స్ కొండ మీద ఫోర్ట్ షర్లీ అనే కోట ఉంది. 1802 ఏప్రిల్‌లో అక్కడి 8వ వెస్టిండియా రెజిమెంటు నల్ల సిపాయిలు తిరగబడ్డారు. వాళ్లు బ్రిటిష్ ప్రభుత్వం బానిసలుగా కొని సైన్యంలో పెట్టినవాళ్లు. గవర్నరు వాళ్లచేత సొంత పనికి చిత్తడి నేల శుభ్రం చేయించాడు. చేతికి తోటపని పనిముట్లు రాగానే, తమను మళ్లీ తోటలకు అమ్మేస్తారన్న భయం పుట్టింది. మూడు రోజులు కోట వాళ్ల చేతిలో ఉంది. తర్వాత అణచివేశారు, ఉరితీశారు. కానీ ఆ గొడవ లండన్ దాకా పోయింది. 1807లో బ్రిటిష్ సైన్యంలోని బానిస సిపాయిలందరికీ చట్టప్రకారం స్వేచ్ఛ వచ్చింది. ఇంత పెద్ద మార్పుకు బీజం ఆ చిన్న కోటలో పడిందని చాలామందికి తెలియదు. ఆదివారాలు మా స్టూడెంట్లు అక్కడికి పిక్నిక్‌కు వెళ్లేవారు, వాళ్లకు ఈ కథ చెప్పకుండా పంపేవాణ్ణి కాదు.

కలినాగోలు ఏమయ్యారని మీకు అనుమానం రావచ్చు. ఉన్నారు. తక్కిన దీవుల్లో దాదాపు తుడిచిపెట్టుకుపోయారు గానీ, ఇక్కడ తూర్పు తీరంలో, పడవ ఆగడానికి కూడా వీల్లేని రాతి ఒడ్డున నిలబడిపోయారు. 1903లో బ్రిటిష్ పాలకుడు హెస్కెత్ బెల్ అక్కడ సుమారు 3,700 ఎకరాలు వాళ్లకు కేటాయించాడు. ఇప్పుడు దాదాపు మూడు వేల మంది ఉంటారు. భూమి ఉమ్మడిది, ఎవరూ అమ్మడానికి వీల్లేదు. అందుకే భూమి చేయిదాటి పోలేదు. అందుకే బ్యాంకు అప్పు పుట్టడమూ కష్టమే, ఆ బాధ అక్కడి కుర్రాళ్ల నోట చాలాసార్లు విన్నాను. 1930లో దొంగ సరుకు పట్టుకుంటామని పోలీసులు వచ్చి కాల్పులు జరిపితే ఇద్దరు చనిపోయారు. ఊరివాళ్లు తిరగబడితే యుద్ధనౌకను పిలిపించారు. వాళ్ల నాయకుడి పదవిని కూడా రద్దు చేశారు, మళ్లీ ఇచ్చింది 1952లో. అలాంటి చోట పుట్టిన సిల్వనీ బర్టన్ 2023లో దేశాధ్యక్షురాలయ్యారు. ఆ వార్త విన్నప్పుడు నాకు కళ్లు చెమ్మగిల్లాయి.

వాళ్ల భాషను మాట్లాడేవాళ్లు దాదాపు వందేళ్ల క్రితమే పోయారు. పనులు మిగిలాయి. లారూమా అనే రెల్లు లాంటి మొక్కను చీల్చి బుట్టలు అల్లుతారు. గీరితే తెలుపు, ఎండబెడితే గోధుమరంగు, బురదలో నానబెడితే నలుపు. ఇవే వాళ్ల మూడు రంగులు. బుట్ట రెండు పొరలుగా అల్లి, మధ్యలో వెడల్పాటి ఆకులు పరుస్తారు, వాన చుక్క లోపలికి దిగదు. ఒక పెద్దావిడ బుట్ట అల్లుతూ, చూపు చేతులమీద పెట్టకుండానే నాతో గంటసేపు మాట్లాడింది. పక్కన ఆమె కోడలు కర్రపెండలం తురుము పిండుతోంది. మనం సగ్గుబియ్యం చేసే దుంపే అది. కాకపోతే వాళ్లు వాడే చేదు రకంలో విషం ఉంటుంది, రసమంతా పిండెయ్యాలి. తర్వాత జల్లించి, కొబ్బరి తురుము కలిపి, పెద్ద ఇనప పెనం మీద పరిచి కాలుస్తారు. అంచు కరకర, మధ్యలో మెత్తన. పెనం మీద నుంచి తీసి అరిటాకులో పెట్టి ఇచ్చింది, చేతులు కాలుతున్నా ఆగలేక తిన్నాను.

తిండి మాట వచ్చింది కాబట్టి ఇంకొంచెం. మన తెలుగువాళ్లకు డొమినీకా మార్కెట్‌లో పరాయితనం అనిపించదు. చేమదుంప, పెండలం, సీమపనస, పచ్చి అరటి, కొబ్బరి. చేమాకుతో 'కలాలూ' అని చిక్కటి సూప్ కాస్తారు, పీతలు వేసి. నేను పీతలు లేకుండా అడిగితే మొదట జాలిగా చూసేవాళ్లు, తర్వాత కొబ్బరిపాలు ఇంకాస్త ఎక్కువ పోసి ఇచ్చేవాళ్లు.

ఇక నాకు అన్నిటికంటే దగ్గరైన విషయం చెప్పాలి.

అక్టోబరు చివరి శుక్రవారం అక్కడ క్రియోల్ రోజు. స్కూలు పిల్లలు, బ్యాంకు క్లర్కులు, నర్సులు అందరూ జాతీయ దుస్తుల్లో వస్తారు. ఆడవాళ్లకు తెల్లటి లేసు జాకెట్టు, పైన గళ్ల పావడా, తలకు గళ్ల రుమాలు. రుమాలు ముడికి ఎన్ని కొసలు నిలబెడితే ఏమని అర్థమో కూడా చెప్పుకుంటారు. ఒక కొస అయితే మనసు ఖాళీ, రెండైతే మాటైపోయింది, మూడైతే పెళ్లయింది. అకార్డియన్, రేకు గీరుడు, వెదురు గొట్టం ఊదే జింగ్ పింగ్ సంగీతం మోగుతుంటుంది. నేను వెళ్లిన మొదటి ఏడాది ఆ గుంపు మధ్యలో నిలబడి ఆ గళ్లనే చూస్తూ ఉండిపోయాను. ఎరుపు, పసుపు, నీలం, ఆకుపచ్చ గళ్లు. మా అమ్మమ్మ ఇంట్లో మూటగట్టి ఉండే రుమాళ్ల గళ్లు.

మా అమ్మమ్మగారిది చీరాల పక్కన జాండ్రపేట. ఇంటి ముందు వసారాలో గుంటమగ్గం ఉండేది. పూర్వం అక్కడ ఎగుమతికి రుమాళ్లు నేసేవాళ్లమని ఆమె చెప్పేది. వ్యాపారంలో వాటి పేరు 'రియల్ మద్రాస్ హ్యాండ్‌కర్చీఫ్'. మద్రాసు రేవు పేరు అంటుకుంది గానీ, నేసింది చీరాల చుట్టుపక్కల మన తెలుగు నేతగాళ్లు చాలామంది. డొమినీకాలో ఆ బట్టను నేటికీ 'మద్రాస్' అనే అంటారు.

రోజోలో పాత మార్కెట్ అని రాళ్లు పరిచిన ఒక చిన్న చౌక్ ఉంది, ఇప్పుడక్కడ బుట్టలు, బొమ్మలు, రుమాళ్లు అమ్ముతారు. ఒక దుకాణం ఆవిడను ఈ బట్ట ఎక్కడిదని అడిగాను. "మద్రాస్, డూడూ" అంది. డూడూ అంటే బంగారం అని పిలవడం. "మద్రాస్ ఎక్కడుంది?" అంటే కాసేపు ఆలోచించి, "మా అమ్మమ్మ పెట్టెలో ఉండేది" అంది. మా అమ్మమ్మ ఇలాంటివి నేసేదని చెప్పాను. ఆవిడ లేచి, బల్ల చుట్టూ తిరిగి వచ్చి, నా రెండు చేతులూ పట్టుకుని తిప్పి చూసింది. నేత పని నా చేతులు ఎరగవు. ఏమనాలో నాకు తోచలేదు.

ఈ కథలో తీపి మాత్రమే చెప్పి వదిలేస్తే తప్పు చేసినట్టే. ఆ చౌక్‌లోనే ఒకప్పుడు మనుషుల్ని వేలం వేశారు. ఆఫ్రికా తీరంలో మనుషుల్ని కొనడానికి యూరప్ వ్యాపారులు ఇచ్చిన సరుకుల్లో మన కోరమాండల్ తీరపు నూలు బట్టకు పెద్ద వాటా ఉంది. మచిలీపట్నం, యానాం, ఇంజరం, మాధవాయిపాలెం రేవుల నుంచి బట్ట మూటలు అలాగే సముద్రాలు దాటాయి. నేసినవాడికి తన బట్ట దేనికి మారకమవుతోందో తెలిసే దారి లేదు. ఆ బట్టకే మారకంగా అమ్ముడైన జనం, తర్వాత దాన్నే తలకు చుట్టుకుని తమదిగా చేసుకున్నారు. ఈ రెండూ కలిపి చూడనిదే ఆ రుమాలు అర్థం కాదు. మన చేనేత చరిత్ర రాసేవాళ్లు ఈ చివర కూడా రాయాలని నా గట్టి కోరిక.

స్వేచ్ఛ వచ్చిన తర్వాత కూడా కొండే ఆదుకుంది. 1838లో విముక్తులైనవాళ్లకు తోటలోనే కూలికి పడి ఉండాల్సిన అగత్యం ఇక్కడ తక్కువ, వాలులో అరెకరం నరుక్కుని బతకొచ్చు. అదే ఏడాది నల్లజాతి ప్రతినిధులదే మెజారిటీ అయిన శాసనసభ ఏర్పడింది. బ్రిటిష్ కరీబియన్‌లో అలాంటిది అదే మొదలు. తర్వాత ఆ హక్కును మెల్లగా లాగేసుకున్నారనుకోండి. చిన్నరైతులు మొదట నిమ్మ, 1950ల నుంచి అరటి పండించారు. అరటి డబ్బుతో పిల్లలు చదువుకున్నారు, రేకుల ఇళ్లు శ్లాబు ఇళ్లయ్యాయి. 1990లలో ప్రపంచ వాణిజ్య సంస్థలో అమెరికా, లాటిన్ అమెరికా దేశాలు కేసు గెలిచి యూరప్ మార్కెట్‌లో వీళ్ల రాయితీ పోయేలా చేశాయి. వాలు మీద తలమీద గెల మోసుకుని దిగే రైతు, వేల ఎకరాల చదును తోటతో ధరలో ఎలా పోటీ పడతాడు? ఊళ్లకు ఊళ్లు అరటి మానేశాయి.

రాజకీయాలు క్లుప్తంగా: 1978 నవంబరు 3న స్వాతంత్ర్యం. కొలంబస్ చూసిన తేదీనే అది. 1980 నుంచి 1995 దాకా యూజీనియా చార్లెస్ ప్రధానమంత్రి, ఇంగ్లీషు మాట్లాడే కరీబియన్ దేశాల్లో ఆ పదవికి వచ్చిన తొలి మహిళ.

ఇక ప్రకృతి సంగతి. తప్పకుండా చూడాల్సింది బాయిలింగ్ లేక్. లోడా అనే కొండపల్లె దగ్గర మొదలుపెట్టి రానూపోనూ ఆరేడు గంటల నడక. దారిలో 'డిసోలేషన్ లోయ' వస్తుంది. చెట్టూ చేమా లేక, గంధకం వాసనతో, బూడిదరంగు, పసుపు, నలుపు వాగులు పక్కపక్కనే పారుతుంటాయి. గైడ్ చెప్పిన చోటే అడుగు వెయ్యాలి. చివర గట్టు ఎక్కి చూస్తే కింద గుంటలో అరవై మీటర్ల వెడల్పున నీళ్లు, సరిగ్గా మధ్యలో ఎసరు మరిగినట్టు కుతకుతలాడుతుంటాయి. కింద ఉన్న శిలాద్రవం నుంచి పైకి తన్నుకొచ్చే ఆవిరి దారి మీద నీళ్లు నిలిచిన చోటు అది. 2004 చివర్లో నీళ్లన్నీ కిందకి దిగిపోయి, కొన్ని నెలలకు మళ్లీ నిండాయి. ఈ అడవిని 1975లోనే నేషనల్ పార్క్ చేశారు, 1997లో యునెస్కో జాబితాలో చేరింది.

జంతువుల్లో నన్ను బాధపెట్టేది ఒక కప్ప. కిలో దాకా తూగుతుంది, పేరు 'మౌంటెన్ చికెన్'. ఒకప్పుడు దీన్ని వండుకుని జాతీయ వంటకం అనేవారు. నేలలో కన్నంలో నురుగు గూడు ఉంటుంది, అందులోని తోకకప్పలకు తల్లికప్ప తిండిగా గుడ్లు పెట్టి మరీ సాకుతుంది. 2002లో కైట్రిడ్ అనే బూజు జబ్బు సోకి రెండేళ్లు తిరక్కుండా దాదాపు మాయమైంది. ఇప్పుడు వేట నిషేధం, మిగిలిన కాసిన్నిటిని కాపాడే పని నడుస్తోంది. జెండా మీదుండే ఊదారంగు సిసెరూ చిలకదీ అలాంటి పరిస్థితే. ప్రపంచంలో ఈ ఒక్క దీవిలోనే ఉంటుంది.

పడమటి సముద్రం ఒడ్డు నుంచే లోతు. స్పెర్మ్ తిమింగలాలు ఏడాది పొడవునా అక్కడ కుటుంబాలుగా ఉంటాయి. నీళ్లలోకి మైకు దించితే 'టిక్... టిక్... టిక్‌టిక్‌టిక్' అని వినిపిస్తుంది. ఒకటి, ఒకటి, మూడు. తూర్పు కరీబియన్ తిమింగలాల వంశానికి గుర్తు ఆ వరస, తల్లుల దగ్గర పిల్లలు నేర్చుకుంటాయి. 2023లో దాదాపు 800 చదరపు కిలోమీటర్ల సముద్రాన్ని వాటికి రక్షిత ప్రాంతంగా ప్రభుత్వం ప్రకటించింది.

ఇదంతా 2017 సెప్టెంబరు 18 రాత్రి పోయిందనుకున్నాను. మరియా తుఫాను అన్నిటికంటే తీవ్రమైన ఐదో కేటగిరీ, గంటకు 260 కిలోమీటర్ల గాలి. నేనూ మా ఆవిడా బాత్రూంలో పరుపు అడ్డం పెట్టుకుని తెల్లవార్లూ కూర్చున్నాం. పొద్దున తలుపు తీస్తే ఎదురుగా కొండ గోధుమరంగులో ఉంది. ఒక్క చెట్టుకు ఒక్క ఆకు లేదు. నిప్పు తగిలినట్టుంది అడవి. ఎనిమిదేళ్లలో ఎన్నడూ కనపడని ఇళ్లు గట్ల మీద కనపడుతున్నాయి, కప్పులు లేకుండా. 65 మంది చనిపోయారు లేదా గల్లంతయ్యారు. నష్టం దేశం ఏడాది సంపాదనకు రెండింతలు దాటింది. జాకో అనే ఇంకో రకం చిలకలు తిండి కోసం ఊళ్లలోకి దిగాయి. మా పక్కింటావిడ తన ఇంటికే కప్పు లేకపోయినా, చక్కెర నీళ్లు చిప్పలో పోసి తేనెపిట్టలకు పెట్టింది. కొన్ని వారాలకు మానుల ఒంటినిండా నేరుగా చిగుళ్లు పొడుచుకొచ్చాయి, కొమ్మలే లేవు కదా. స్టూడెంట్లను పడవల్లో సెయింట్ లూసియాకు తరలించారు. కాలేజీ మళ్లీ అక్కడ తెరవలేదు, బార్బడోస్‌కు వెళ్లిపోయింది. ఊరు బాగా దెబ్బతింది, అద్దె ఇళ్లు, చిన్న హోటళ్లు దాని మీదే బతికేవి.

వెళ్లాలనుకుంటే మయామీ నుంచి నేరుగా విమానం ఉంది, లేదా గ్వాడెలూప్ నుంచి పడవ. తుఫాన్ల కాలం తప్పించి ఫిబ్రవరి, మార్చి నెలల్లో వెళ్లండి. బాయిలింగ్ లేక్‌కు గైడ్ లేకుండా పోవద్దు. రోజో పాత మార్కెట్‌లో రుమాలు కొనేటప్పుడు తిరగేసి చూడండి. రెండువైపులా రంగు ఒకేలా ఉంటే పోగుకు ముందే రంగు అద్ది నేసింది. వెనకవైపు వెలిసినట్టుంటే పైన అచ్చు కొట్టింది. మొదటి రకం దొరికితే ఎక్కువ ధరైనా తీసుకోండి. ఈమధ్య అక్కడికి వచ్చేవి చాలావరకు మిల్లు బట్టలే. చేనేతది దొరికితే మాత్రం ఫొటో తీసి ఇక్కడ పెట్టండి, గళ్ల వరస చూసి ఎక్కడిదై ఉంటుందో మా జాండ్రపేట పెద్దవాళ్లను అడిగి చెబుతాను.